అమ్మన్న కొట్టు ముందు బెంచీ

అమ్మన్న నోట "లేదు" అన్న మాట విన్న మనిషి బిలాస్‌పూర్ రైల్వే కాలనీ మొత్తంలో ఒక్కడూ ఉండేవాడు కాదు. ఇది పొగడ్త అనుకునేరు. కాదు. ఆ మనిషి కొంప ముంచిన గుణం అదే.

కొట్టు తోర్వా వెళ్ళే రోడ్డు మొదట్లో ఉంది. వాళ్ళ నాన్న పొట్నూరు సత్యనారాయణ రాజాం దగ్గర్నించి వచ్చి పెట్టిన కొట్టు. లోకో షెడ్డులోనూ, యార్డులోనూ పనిచేసే మనవాళ్ళందరికీ చింతపండు, మినపగుళ్ళు, నువ్వుల నూనె, తాటి బెల్లం అక్కడే. ఇక్కడివాళ్ళు దాన్ని 'మద్రాసీ దుకాణ్' అంటారు. మద్రాసు మొహం చూడనివాడి కొట్టుకి ఆ పేరేటని సత్యనారాయణ పోయేదాకా గొణుక్కున్నాడు. గొణుక్కోవడమే గానీ, గిరాకీ ఎదురుగా ఒక్క చెడ్డ మాట ఆడి ఎరగడు. గల్లాపెట్టె పైన లక్ష్మీదేవి పటం ఉంది, ఆవిడ వింటూ ఉంటాది, ఆవిడ ముందు 'లేదు' అనకూడదురా అని కొడుక్కి చిన్నప్పుడే నూరిపోశాడు. బియ్యం అయిపోతే నిండుకున్నాయనాలి. సరుకు లేకపోతే 'వస్తాది లెండి' అనాలి. దీపం పెట్టే వేళైతే మరీ జాగ్రత్త.

అమ్మన్నకి అది రక్తంలో ఇంకిపోయింది. రాజాం నించి తాటి బెల్లం రావడం ఏనాడో మానేసింది. అయినా ఎవరొచ్చి అడిగినా నవ్వు మొహంతో "వస్తాది లెండి" అనేవాడు. కాలనీ ఆడవాళ్ళు ఆ మాట వినగానే సంచీ మడతపెట్టుకుని బుధ్‌వారీ బజారుకి పోయేవారు. ఎవరికీ కోపం వచ్చేది కాదు. ఆ కొట్లో ఆ మాటకి అర్థం ఏమిటో పుట్టిన పిల్లకి కూడా తెలుసు.

ఒక్క లక్ష్మీనరసమ్మకే ఒళ్ళు మండేది. ఆవిడ అమ్మన్న భార్య. కొట్టు వెనకే ఇల్లు, మధ్యన ఒక గళ్ళ పరదా. "లేదని చెప్పి పంపకుండా ఆవిణ్ణి ఎందుకండీ ఎండలో నిలబెడతారు? లేదమ్మా, లేదు! వెళ్ళు తల్లీ!" అని పరదా వెనకనించి కేకేసేది. ఇంటావిడ అంటే లక్ష్మీదేవి పట్టించుకోదు కాబోలు, కొట్టు మాత్రం చక్కగా నడిచింది. ఆ ఇంట్లో 'లేదు' అనే డ్యూటీ ఆవిడది, 'వస్తాది' అనే డ్యూటీ ఆయనది. పిల్లలు కలగలేదు. ఆ ఒక్క విషయంలో మాత్రం ఇద్దరూ చాలా ఏళ్ళు ఏ మాటా అనకుండా ఊరుకున్నారు.

కొట్టు ముందు ఒక బెంచీ ఉండేది. పాతకాలం రైలుపెట్టెలోంచి ఊడదీసిన చెక్క సీటు అది. తుక్కు వేలంలో సత్యనారాయణ కొని, కింద ఇనప కాళ్ళు వేయించాడు. సాయంత్రం షెడ్డు డ్యూటీ దిగితే చాలు, అప్పలస్వామి వచ్చి దానికి కుడిచివర కూచునేవాడు. లోకో షెడ్డులో ఫిట్టరు. అమ్మన్నతో రైల్వే స్కూల్లో ఒకే బెంచీ మీద కూచుని, ఒకే బెత్తంతో దెబ్బలు తిన్నవాడు. గోళ్ళలో గ్రీజు, చేతిలో వేరుశనక్కాయల పొట్లం. పెద్ద కబుర్లేమీ ఉండేవి కావు. "ఏట్రా, ఈ రోజు ఎంతమందికి టోపీ పెట్టావు?" అని అతను. "నీ ఒక్కడికే మిగిలిందిరా, రా" అని ఇతను. అంతే. ఆ తర్వాత వేరుశనక్కాయ తొక్కలు. దీపాలు పెట్టాక ఇంటికి.

లక్ష్మీనరసమ్మకి ఒక వానాకాలం జ్వరం తగిలింది, వారం తిరక్కుండా మనిషే పోయింది. అప్పుడు అమ్మన్నని మనిషిలా నిలబెట్టింది అప్పలస్వామీ, వాళ్ళావిడ అచ్చియమ్మానే. పొద్దున్నే క్యారేజీ వచ్చేది. "అన్నియ్యా, కూర కారమైతే చెప్పు, మొహమాటపడకు" అనేది అచ్చియమ్మ. కారమై కళ్ళమ్మట నీళ్ళొచ్చినా చెప్పేవాడు కాదనుకోండి. పరదా వెనకనించి కేక వేసే మనిషి పోయాక, కొట్లో 'లేదు' అన్న మాట పూర్తిగా వినిపించకుండా పోయింది.

ఆ మరుసటి ఏడే వార్డు ఎన్నికలొచ్చాయి. మన వీధుల్లో నీళ్ళ ట్యాంకరు రాక జనం మండిపడుతున్నారు. నిలబడ్డవాళ్ళిద్దరి మొహాలూ ఎవరికీ గిట్టవు. అమ్మన్నని నిలబెడదామన్న బుద్ధి ఎవరికి పుట్టిందనుకున్నారు? అప్పలస్వామికే.

"ఒరే, ఈ వార్డులో నిన్ను తిట్టేవోడు ఒక్కడున్నాడేట్రా? నిలబడు."

"నాకేటి తెల్సురా రాజకీయం! చింతపండు తూచుకునేవాణ్ణి."

"నీకు తెల్దు గనకే నిలబడమన్నాను. తెల్సినోళ్ళని చూశాం కదా."

తిట్టేవాడు లేడన్న మాట నిజమే. ఎవరికీ ఎప్పుడూ కాదనకపోతే ఎవరు తిడతారు? ఆ సంగతి అప్పుడు ఎవరికీ తోచలేదు, అమ్మన్నకి అసలే తోచలేదు. ఏ పార్టీ లేకుండా ఒంటరిగా నిలబడ్డాడు. గుర్తులు పంచుతూ ఉంటే అందులో బెంచీ గుర్తు ఉంది. ఇంకేం, కాలనీ అంతా నవ్వులు. అప్పలస్వామి షెడ్డునించి రంగు డబ్బాలు తెచ్చి, గోడలన్నిటి మీదా బెంచీ బొమ్మలు తనే వేశాడు. వేసిన ప్రతి బెంచీకీ కుడిచివర ఒక చుక్క పెట్టేవాడు. అదేటని అడిగితే "అది నేనురా" అనేవాడు.

అమ్మన్న గెలిచాడు. బాజాలు, దండలు, గులాల్ రంగు. చొక్కా పోయి తెల్ల కుర్తా వచ్చింది. అదేం గ్రహచారమో గానీ, ఆ రోజుతో అమ్మన్న పేరు కూడా పోయింది. కౌన్సిలరుని ఇక్కడ పార్షద్ అంటారు కదా, 'పార్షద్ జీ' అయిపోయాడు. చిన్నప్పుడు ఎత్తుకున్న ముసలమ్మలు కూడా "పార్షద్ గారూ, మా డ్రైనేజీ" అనసాగారు. పొద్దున్న లేస్తే కొట్టు నిండా మనుషులు, చింతపండు కొనేవాడు ఒక్కడూ ఉండడు. బెంచీ మీద ఎవరెవరో కూచునేవారు. కాంట్రాక్టు కావాల్సినవాడు, తమ్ముడికి ఉద్యోగం కావాల్సినవాడు, ఏమీ అక్కర్లేక టీ కోసం కూచునేవాడు. అప్పలస్వామి సాయంత్రం వచ్చి, తన చోట ఇంకెవడో ఉంటే, కాసేపు గుమ్మం పక్కన నిలబడి, వేరుశనక్కాయల పొట్లం అమ్మన్న చేతిలో పెట్టి వెళ్ళిపోయేవాడు. "కూచోరా" అని అమ్మన్న అనేలోపు ఇంకెవడో "పార్షద్ జీ" అని అడ్డం పడేవాడు. అంతమంది మధ్యన అంత ఒంటరితనం ఉంటుందని అమ్మన్న కలలో కూడా అనుకోలేదు. ఊరు మొత్తానికి 'ఒరే' అని పిలిచే గొంతు ఒక్కటే మిగిలింది.

వచ్చినవాళ్ళందరికీ అమ్మన్న ఏం చెప్పేవాడో వేరే చెప్పాలా? "హో జాయేగా, హో జాయేగా." హిందీలో అన్నా అది ఆ పాత మాటే. కాకపోతే ఈ కొత్త జనానికి ఆ కొట్టు మర్యాద తెలియదు. అయిపోతుందంటే నిజంగా అయిపోతుందనుకుని వెళ్ళేవారు. మళ్ళీ వచ్చేవారు. మూడోసారి మొహం ముడుచుకుని వచ్చేవారు. ఒకే చేతిపంపు రెండు వీధులకీ ఒప్పేసుకున్నాడు మహానుభావుడు! రెండు వీధులూ కొట్టుకున్నాయి. ఇవన్నీ ఎలాగో గడిచిపోయాయి. గడవనిది ఒకటుంది.

అప్పలస్వామి రిటైరయ్యాడు. రైల్వే క్వార్టరు ఖాళీ చేసి, కాలనీ చివర నాలా ఒడ్డున రెండు గదుల ఇల్లు కట్టుకున్నాడు. ఆ స్థలానికి పట్టా లేదు. అక్కడున్నవాళ్ళెవరికీ లేదు. అచ్చియమ్మ ఇంటి ముందు గోంగూర వేసింది, కరివేపాకు మొక్క నాటింది. సొంత గుమ్మం, సొంత పెరడు అని ఆవిడ మురిసిపోయిన మురిపెం చూడాలి. ఆ ఏడాది వానలకి నాలా పొంగి వీధుల్లో నడుముల్లోతు నీళ్ళొచ్చాయి. నాలా వెడల్పు చెయ్యాలన్నారు పైవాళ్ళు.

కార్పొరేషన్ మీటింగులో ఇంజినీరు గోడమీది నక్షాలో వేలు పెట్టి గీసినట్టు చూపించాడు. ఈ ఒడ్డున ఉన్న ఇళ్ళన్నీ పోతాయి. ముందుగా ఒప్పుకుని పేర్లిచ్చినవాళ్ళకి ఊరవతల కొత్త ఫ్లాట్లు. మొండికేసి కూచున్నవాళ్ళకి ఏమీ రాదు, పట్టా లేదు గనక. ఇందులో మార్పేమైనా ఉంటుందా అని అమ్మన్న రెండుసార్లు అడిగాడు. ఉండదన్నారు. అంత స్పష్టంగా అమ్మన్నతో జన్మలో ఎవరూ మాట్లాడి ఉండరు.

స్కూటర్ మీద తిరిగొస్తూ దారిపొడవునా గొణుక్కున్నాడు. "ఒరే, ఇల్లు ఉండదు. బేగి ఫ్లాటుకి పేరిచ్చీ. ఒరే, ఇల్లు ఉండదు." పెదాలకి అలవాటు చేస్తున్నాడన్నమాట. కొట్టు దగ్గరికి వచ్చేసరికి ఎందుకో ఆ రోజు ఎవరూ లేరు. అప్పలస్వామి ఒక్కడే, తన చోట, కుడిచివర కూచుని ఉన్నాడు. పక్కన వేరుశనక్కాయలు. ఎన్ని నెలలైందో ఇద్దరికీ అలా చిక్కి. అమ్మన్న గుండె పొంగిపోయింది. లోపలికెళ్ళి దీపం పెట్టి, అగరొత్తి వెలిగించి వచ్చాడు.

"మీటింగైందటగా. మా ఇంటి సంగతి ఏట్రా? పోతాదంటన్నారు అందరూ. నీ నోటితో చెప్పు."

చెప్పవలసిన మాట నోటిదాకా వచ్చింది. అగరొత్తి పొగ పటం మీదికి పోతోంది. ఎదురుగా ఇన్నాళ్ళకి తీరిగ్గా కూచున్న స్నేహితుడు. ఈ మాట అంటే వాడి మొహం ఏమైపోతుందో అమ్మన్న చూడలేడు.

"చూద్దాం లేరా. అయిపోతాది."

అప్పలస్వామి మొహం విప్పారింది. "అద్గదీ! నువ్వుండగా మాకేటి భయం" అని వేరుశనక్కాయలు సగం ఇటు పోశాడు. ఇద్దరూ చాలాసేపు కూచున్నారు. అమ్మన్నకి అంత హాయైన సాయంత్రం పెళ్ళాం పోయాక మళ్ళీ రాలేదు. ఆ హాయి కోసమే అబద్ధమాడాడని తనకి తెలుసు. రేపు చెప్తాననుకున్నాడు.

రేపు చెప్పలేదు. ఎల్లుండి అటువైపు వెళ్తే, అప్పలస్వామి నిచ్చెనెక్కి ఇంటికి సున్నం వేస్తున్నాడు! పక్కింటివాళ్ళు ఫ్లాటుకి పేరిచ్చేసి సామాన్లు కట్టుకుంటున్నారు. "రంగు ఎలాగుంది అన్నియ్యా?" అని అచ్చియమ్మ అడిగింది. బాగుందన్నాడు. ఛీ, ఆ క్షణాన నేల చీలి మింగెయ్యకూడదా అనుకున్నాడు, అనుకుని టీ తాగి వచ్చేశాడు. పేర్లిచ్చే గడువు అలా గడిచిపోయింది.

జేసీబీ పొద్దున్నే వచ్చింది. కబురంది అమ్మన్న పరిగెత్తి వెళ్ళేసరికి అచ్చియమ్మ దేవుడి పటాలూ, కుక్కరూ గుండెకి హత్తుకుని రోడ్డుమీద నిలబడి ఉంది. అమ్మన్న ఆఫీసరుకి చేతులు జోడించి బతిమాలాడు. ఆఫీసరు చెడ్డవాడేమీ కాదు, ఆశ్చర్యపోయాడంతే.

"అరే పార్షద్ జీ, మీటింగ్ మే తో ఆప్ భీ థే న? ఇన్ కో బతాయా నహీ?"

ఆ మాట అందరి ముందూ పడింది. మీటింగులో మీరూ ఉన్నారుగా, వీళ్ళకి చెప్పలేదా అని. అప్పలస్వామి ఇటు తిరిగాడు. చేతికి ఇంకా సున్నం మరకలున్నాయి.

"నీకు తెల్సా?"

అమ్మన్న తలొంచుకున్నాడు.

"నీ కొట్టుమీద ఇన్నేళ్ళు కూచున్నాను. వచ్చినోళ్ళందరికీ వస్తాది లెండి అంటావు, నేను నవ్వుకునీవోణ్ణి. అది గిరాకీలకి చెప్పే మాటనుకున్నాను." గొంతు పెంచలేదు అతను. పెంచినా బాగుండేది. "నేనూ గిరాకీనేనేట్రా నీకు?"

వెనకాల గోడ కూలింది. సున్నం కొత్తది కావడాన తెల్లటి దుమ్ము లేచింది. ఫ్లాటు కోసం అమ్మన్న ఆ తర్వాత ఎక్కని మెట్టు లేదు, పట్టుకోని కాలు లేదు. గడువు దాటిందన్నారు. అప్పలస్వామి, అచ్చియమ్మ అర్పా నదికి అవతల సర్‌కండాలో ఒక అద్దె గదిలోకి పోయారు. వెళ్తూ ఎవరికీ చెప్పలేదు.

మళ్ళీ ఎన్నికలొచ్చాయి. అమ్మన్న నిలబడలేదు, నిలబడమని అడిగినవాడూ లేడు. పదవి పోగానే బెంచీ మీది జనం గాలికి ఎగిరిపోయారు. టీ కోసం వచ్చేవాడు కూడా మానేశాడు. ఇప్పుడు సరుకులు ఫోన్లో నొక్కితే ఇంటికొచ్చేస్తున్నాయి, మన పిల్లలకి చింతపండు అమ్మన్న కొట్లోనే కొనాలన్న పట్టింపేమీ లేదు. అమ్మన్న పొద్దున్న కొట్టు తెరుస్తాడు. మధ్యాహ్నం ఇంత అన్నం వండుకుంటాడు. పరదా అలాగే ఉంది, దాని వెనక ఎవరూ లేరు. సాయంత్రమైతే తడిగుడ్డతో బెంచీ తుడుస్తాడు. ఎడమవైపు కూచుంటాడు గానీ, కుడిచివర మాత్రం కూచోడు. ఎదురు గోడమీద వెలిసిపోయిన బెంచీ బొమ్మ ఒకటి ఇంకా కనబడుతుంది, చివర చుక్కతో సహా. దాన్ని చూడలేక ఒకటి రెండుసార్లు సున్నం వేయిద్దామనుకున్నాడు. సున్నం అనుకోగానే నిచ్చెన మీది అప్పలస్వామి గుర్తొచ్చాడు. మానేశాడు.

కిందటి నెల బుధ్‌వారీ బజారులో అచ్చియమ్మ కనబడింది. చిక్కిపోయింది. ముందు చూడనట్టు పోబోయి, మనసొప్పక ఆగింది.

"బాగున్నావా అన్నియ్యా? ఏటలా అయిపోయావు?"

"వాడెలాగున్నాడమ్మా?"

"ఉన్నారు. గది దాటి రారు. సాయంత్రమైతే మాత్రం చొక్కా తొడుక్కుంటారు. తొడుక్కుని గుమ్మంలో నిలబడి, మళ్ళీ విప్పేస్తారు." ఆవిడ పైట కొంగు కళ్ళకి అద్దుకుంది. "ఓసారి రా. నేను రమ్మన్నానని చెప్పకు."

ఆ మాట విన్నాక అమ్మన్నకి నిద్ర లేదు. చొక్కా తొడుక్కుంటాడట! ఇంకా ఆశ ఉందన్నమాట. రాజాం వెళ్తున్న ఒక గార్డుగారిని పట్టుకుని, కాళ్ళావేళ్ళా పడి, తాటి బెల్లం తెప్పించాడు. అప్పలస్వామికి ప్రాణం అది. ఎన్నేళ్ళనించో వస్తాది వస్తాది అన్న బెల్లం నిజంగానే వచ్చింది. ఒక్క ముక్క కూడా కొట్లో పెట్టకుండా అంతా మూటగట్టి, సంచీలో పెట్టుకుని, ఆటో ఎక్కి, అర్పా వంతెన దాటాడు.

అమ్మన్నని చూసి అప్పలస్వామి లేచి నిలబడ్డాడు. జుట్టు మొత్తం నెరిసింది, గోళ్ళు శుభ్రంగా ఉన్నాయి.

"రండి, రండి పార్షద్ గారూ. కూచోండి. అచ్చియమ్మా, టీ పెట్టు."

'రండి' అట! అమ్మన్న కాళ్ళు గుమ్మంలోనే ఆగిపోయాయి. తిట్టినా, చెప్పు తీసుకుని కొట్టినా ఓర్చుకుందామని వచ్చాడు పాపం. ఈ మర్యాదకి మాత్రం సిద్ధపడి రాలేదు. కుర్చీలో కూచున్నాడు. సంచీలోంచి మూట తీసి ఇచ్చాడు. అప్పలస్వామి రెండు చేతులతో అందుకుని "ఎందుకండీ ఇదంతా శ్రమ" అన్నాడు. టీ వచ్చింది. ఎండల గురించి మాట్లాడుకున్నారు.

"తప్పయిపోయిందిరా" అన్నాడు అమ్మన్న చివరికి. "ఆ రోజు చెప్పాల్సింది. నోరు రాలేదు."

"అయ్యో, జరిగిందేదో జరిగిపోయింది. దానికేటుంది లెండి."

"బెంచీ ఖాళీగా ఉంటందిరా సాయంత్రాలు. నీ చోట నేను కూడా కూచోను. ఓసారి రారా. ఒక్కసారి."

అప్పలస్వామి అతని కేసి చూశాడు. ఆ చూపులో కోపం లేదు. చిన్నగా, ఎంతో మర్యాదగా నవ్వాడు.

"వస్తాను లెండి. చూద్దాం."

అచ్చియమ్మ తల తిప్పుకుంది. అమ్మన్న గ్లాసు కింద పెట్టి, సరే అని లేచాడు. ఆ మాటకి అర్థం ఏమిటో అతనికి ఒకరు విడమర్చి చెప్పాలా? పుట్టి బుద్ధెరిగాక అమ్ముకున్నది ఆ మాటే. వంతెన మీద ఆటోలో ఖాళీ సంచీని మడతపెట్టాడు, విప్పాడు, మళ్ళీ మడతపెట్టాడు.

మర్నాడు దీపం పెట్టే వేళకి క్వార్టర్స్ నించి ఒకావిడ వచ్చింది.

"అమ్మన్నగారూ, తాటి బెల్లం ఉందా?"

జవాబు తెలిసిందేనని, అడుగుతూనే సంచీ మడతపెట్టేస్తోంది.

"లేదమ్మా" అన్నాడు అమ్మన్న.

ఆవిడ చెయ్యి ఆగిపోయింది. లక్ష్మీదేవి పటం కేసి ఒకసారి చూసింది, అమ్మన్న కేసి ఒకసారి చూసింది.

"లేదా? మరి... వస్తాదా?"

"రాదమ్మా. ఇంక రాదు."

ఆవిడ వెనక్కి వెనక్కి చూసుకుంటూ వెళ్ళిపోయింది. అమ్మన్న గుడ్డ తడిపి బయటికి వచ్చి, బెంచీ ఈ చివరనించి ఆ చివరదాకా తుడిచాడు. తుడిచి, ఎడమవైపు కూచున్నాడు. కాసేపటికి కుడిచివర కేసి తిరిగి, ఎదురుగా మనిషి ఉన్నట్టే, తొట్రుపాటు లేకుండా చెప్పాడు.

"ఒరే, ఇల్లు ఉండదురా. నా వల్ల కాదు. బేగి ఫ్లాటుకి పేరిచ్చీ."